తోడికోడళ్ళ ఫ్యాక్టరీ

వంకర గీత కంటపడితే టైలరమ్మకు ఒళ్ళు మండుతుంది. అది చొక్కా కుట్టు కావచ్చు, గోడ మీద కేలండరు కావచ్చు, బస్సు కోసం నిలబడ్డ మనుషుల వరస కావచ్చు, సరిచేసేదాకా ఆవిడ చెయ్యి ఊరుకోదు. చుట్టుపక్కల స్కూలు యూనిఫారాలు, ఆస్పత్రి కోట్లు అన్నీ ఆవిడ కత్తెర కింద పుట్టినవే. ఆవిడ కుట్టిన బట్టను తిరగేసి చూసినా లోపల కూడా తిన్నగానే ఉంటుందని పేరు. ఆ పేరు ఊరికే రాలేదు. దగ్గరున్న వాళ్ళ ప్రాణాలు తోడేస్తే వచ్చింది.

అలా ప్రాణం తోడించుకున్న వాళ్ళలో మొదటివాడు ఆవిడ మొగుడు. ఆయన చాలా కాలం కిందటే ఒళ్ళు మొద్దుబార్చుకుని, భార్య చెప్పిన చోట చెప్పులు విడిచి, చెప్పిన చోట పేపరు మడిచి, హాయిగా బతుకుతున్నాడు. రెండో మనిషి తోడికోడలు. ఇంట్లో అందరూ ఆమెను చిన్నకోడలనే పిలిచేవారు. పళ్ళ డాక్టరు దగ్గర పనిచేస్తుంది. మరిది పెళ్ళయ్యాక అందరూ కలిసి ఒకే ఇంట్లో ఉన్నన్నాళ్ళూ చిన్నకోడలు వంటింట్లో ఏది ఎక్కడ పెట్టినా, ఆమె ఇటు డ్యూటీకి వెళ్ళగానే టైలరమ్మ అటు సర్దేసేది. ఉప్పు డబ్బా పక్కన పంచదార డబ్బా, ఎత్తు ప్రకారం గిన్నెలు, మూతలన్నీ ఒకే వైపు. సాయంత్రం చిన్నకోడలు వచ్చి, కాసేపు అలా నిలబడి చూసి, "బాగుందక్కా" అనేది. మారు మాట లేదు. నోట్లో నాలుక లేని పిల్ల, అణకువ గల పిల్ల అని టైలరమ్మ నలుగురి దగ్గరా మెచ్చుకునేది.

తర్వాత ఒకరోజు మరిది, చిన్నకోడలు వేరే ఇంటికి మారిపోయారు. క్లినిక్ దూరమవుతోందని చెప్పారు. అందరూ అవునవును అన్నారు. కొత్త ఇల్లు క్లినిక్‌కి ఏమంత దగ్గరో టైలరమ్మకూ తెలుసు. తెలిసినా అడగలేదు. అడిగితే సమాధానం వస్తుందేమోనని భయం. అప్పటినుంచీ ఇద్దరూ ఒకరింటికొకరు పళ్ళు పట్టుకుని వెళ్ళే చుట్టాలైపోయారు.

వాళ్ళిద్దరినీ మళ్ళీ కలిపింది టైలరమ్మ చీలమండ. షాపు మెట్టు మీద కాలు మడతపడి, పెడల్ తొక్కకూడదని డాక్టరు గట్టిగా చెప్పాడు. పని లేని టైలరమ్మ ఇంట్లో ఉంటే ఎలా ఉంటుందో ఆవిడ మొగుణ్ణి అడగాలి. బీరువాలో ఆయన బనియన్లన్నీ రంగు వెలిసిన లెక్కన వరసపెట్టింది. తల ప్రాణం తోకకొచ్చి, ఆయనే తమ్ముడి భార్యకు ఫోన్ చేసి, అమ్మా, ఒకసారి వచ్చి మీ అక్కకు ఏదైనా వ్యాపకం పెట్టి పుణ్యం కట్టుకో అని బతిమాలాడు.

చిన్నకోడలు వచ్చి, ఎంబ్రాయిడరీ డిజైన్ల కోసం ఇంటి ముందు గదిలోని షాపులో పెట్టుకున్న కంప్యూటర్లో ఒక ఆట ఎక్కించి ఇచ్చింది. ఫ్యాక్టరీ కట్టే ఆట. ఎవరూ లేని ఒక నేల మీద దిగుతారు. చేత్తో ఇనుపరాయి తవ్వి, బొగ్గు తవ్వి, కొలిమిలో వేస్తే రేకులొస్తాయి. ఆ రేకులతో యంత్రాలు, ఆ యంత్రాలతో ఇంకా పెద్ద యంత్రాలు. సరుకును ఒకచోటు నుంచి ఇంకోచోటికి మొయ్యడానికి నేలమీద బెల్టులు పరచాలి. చివరికెప్పుడో ఒక ఓడ కట్టి ఆకాశంలోకి పంపాలట. టైలరమ్మ మొదట మూతి ముడిచింది. చిన్నపిల్లల ఆటలు నాకెందుకే అంది. చిన్నకోడలు కాసేపు చూపించి వెళ్ళిపోయాక, ఎవరూ చూడకుండా మౌస్ పట్టుకుంది. ఆ పూట అన్నం చల్లారిపోయింది.

కాలు బాగయ్యాక కూడా ఆట పోలేదు. గురువారం మధ్యాహ్నాలు క్లినిక్‌కి సెలవు. అదే సమయానికి టైలరమ్మ కూడా షాపు తలుపు సగం వేసి, చెవులకు హెడ్‌ఫోన్ తగిలించుకునేది. ఇద్దరూ కలిసి ఒకే ఫ్యాక్టరీ కట్టడం మొదలుపెట్టారు. ఈ ఆటలో ఒక పద్ధతి ఉంది. లోకమంతా ఒక్కరి కంప్యూటర్లోనే ఉంటుంది. వాళ్ళని హోస్టు అంటారు. హోస్టు ఆట తెరిచి ఒక కోడ్ పంపితే, రెండోవాళ్ళు ఆ కోడ్ కొట్టి లోపలికి రావాలి. హోస్టు మూసేస్తే రెండోవాళ్ళు బయటపడతారు, లోకం ఎక్కడిదక్కడ ఆగిపోతుంది. చిన్నకోడలి ల్యాప్‌టాప్ పాతది, కాస్త బరువు పడితే చాలు, ఫ్యాను హోరెత్తుతుంది. అందుకని హోస్టు టైలరమ్మే. అద్దె లేకపోయినా ఇల్లుగలావిడ ఇల్లుగలావిడే కదా. ఎప్పుడు తోస్తే అప్పుడు, ఒక కొలతకీ ఇంకో కొలతకీ మధ్యలో, లోపలికి వెళ్ళి తిరిగి వచ్చేది. చిన్నకోడలు మాత్రం గురువారం కోడ్ వచ్చినప్పుడే వచ్చేది. ఈ తేడా టైలరమ్మ బుర్రకు ఎప్పుడూ తట్టలేదు.

కానీ ఆ గురువారాలు ఎంత బాగుండేవని. ఎదురెదురుగా కూర్చున్నప్పుడు రెండు మాటలకే తడబడే వాళ్ళు, హెడ్‌ఫోన్‌లో గలగలా మాట్లాడుకునేవాళ్ళు. ఒకరు రాగి తవ్వుతుంటే ఒకరు తీగలు చుట్టించేవారు. మధ్యలో మరిది గురక గురించి, పళ్ళ డాక్టరు పిసినారితనం గురించి, యూనిఫారం చిన్నదైందనే తప్ప పిల్లాడి పొట్ట పెరిగిందని ఒప్పుకోని తల్లుల గురించి కబుర్లు నడిచేవి. చిన్నకోడలు ఇంత నవ్విస్తుందని టైలరమ్మకు ఇన్నేళ్ళూ తెలియదు. ఒకే ఇంట్లో ఉన్నప్పుడు తెలియనిది వేరే ఇంటి నుంచి తెలిసింది.

ఒక్కటే చిక్కు. చిన్నకోడలు వేసే బెల్టులు వంకర. తూర్పున ఉన్న ఇనుము పడమట ఉన్న యంత్రానికి తిన్నగా వెళ్ళొచ్చు. అలా వెళ్ళదు. మధ్యలో పక్కకు తిరిగి, పెద్ద చుట్టు చుట్టి, మళ్ళీ దారికొస్తుంది. టైలరమ్మ ఓర్చుకుంది. చాలా గురువారాలే ఓర్చుకుంది. ఆస్పత్రి కోట్ల ఆర్డరు అయిపోయి చేతులు ఖాళీ అయిన ఒక వారం, ఇక ఆగలేక లోపలికి వెళ్ళింది. వంకర బెల్టులన్నీ పీకేసింది. దారికి అడ్డంగా ఉన్న పాత సామానంతా తీసిపారేసింది. గీత గీసినట్టు బెల్టులు పరిచింది. ఆ ఊపులో, అంతవరకూ ఇద్దరికీ చేతకాని రైలు కూడా వేసేసింది. బొగ్గు గని నుంచి స్టేషన్ దాకా రైలు కూత పెట్టుకుంటూ వస్తుంటే, మొగుణ్ణి పిలిచి మరీ చూపించింది. ఆయన కళ్ళద్దాలు పైకి నెట్టుకుని చూసి, మీ చెల్లెలికి చెప్పావా అని అడిగాడు. చెబితే ఆశ్చర్యం ఏముంటుంది అంది ఆవిడ.

గురువారం వచ్చింది. టైలరమ్మ కోడ్ పంపి, మెప్పు కోసం చెవులు రిక్కించుకుని కూర్చుంది. తెర మీద చిన్నకోడలి బొమ్మ లోపలికి వచ్చింది. వచ్చిన చోటే కాసేపు నిలబడింది. తర్వాత బెల్టుల మధ్య అటూ ఇటూ తిరిగింది, పోయిన వస్తువును వెతుక్కుంటున్నట్టుగా. రైలు కూత పెట్టుకుంటూ పక్కనుంచే వెళ్ళింది. దాన్ని చూడలేదు.

"బాగుందక్కా. నీట్‌గా ఉంది," అంది.

ఆ గొంతు టైలరమ్మకు తెలుసు. వంటింటి గడపలో నిలబడి ఎన్నో సాయంత్రాలు "బాగుందక్కా" అన్న గొంతే అది. అప్పుడు మెప్పనుకుంది. ఇప్పుడు చెవిలో, అంత దగ్గరగా వినపడేసరికి, అది మెప్పు కాదని తెలిసిపోయింది. కాసేపటికే చిన్నకోడలు పనుందని వెళ్ళిపోయింది. మరుసటి గురువారం తలనొప్పి అంది. ఆ పై గురువారం ఎవరో చుట్టాలొచ్చారంది. క్లినిక్ దూరమవుతోంది అన్నంత మర్యాదగా ఉన్నాయి ఆ సాకులు.

టైలరమ్మ రెండు రోజులు ముఖం మాడ్చుకుని తిరిగింది. మొదట కోపం వచ్చింది. పడుతూ లేస్తూ అంత పని చేసిపెడితే ఇదా ఫలితం అనుకుంది. తర్వాత కోపం దిగిపోయి భయం పట్టుకుంది. ఒకసారి ఈ పిల్లను పోగొట్టుకుంది. ఎందుకు పోతోందని అడగకుండా పోగొట్టుకుంది. దేవుడు దయతలచి, ఒక చీలమండ ఖర్చుతో మళ్ళీ తెచ్చి ఇచ్చాడు. ఈసారి పోతే తెచ్చిపెట్టడానికి ఇంకో కాలు మడతపడినా లాభం ఉండదు. మూడో రోజు పొద్దున షాపు తాళం వేసి, తిన్నగా క్లినిక్‌కి వెళ్ళింది.

బుగ్గలు వాచిన మనుషుల మధ్య ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుంది. ఎదురు గోడమీద పళ్ళ బొమ్మ పటం ఒక పక్కకు ఒరిగి ఉంది. ఆ రోజు దాన్ని సరిచెయ్యాలని కూడా అనిపించలేదంటే పరిస్థితి ఎంతదాకా వచ్చిందో తెలుసుకోవచ్చు. చిన్నకోడలు నీలం కోటులో బయటికి వచ్చి, అక్కను చూసి కంగారుపడింది. పన్ను నొప్పా అని అడిగింది. కాదంది టైలరమ్మ. ఇద్దరూ వెనక వైపు, పరికరాలు ఉడకబెట్టే చిన్న గదిలోకి వెళ్ళి నిలబడ్డారు.

"నేను ఏం తీసేశానో చెప్పు," అంది టైలరమ్మ.

"ఏం లేదక్కా."

"ఏం లేదంటే నమ్మినట్టు నటించి ఒకసారి ఊరుకున్నాను. ఈసారి ఊరుకోను. చెప్పు."

చిన్నకోడలు పరికరాల ట్రే మీద గుడ్డ కప్పింది. కప్పిన గుడ్డను మళ్ళీ తీసింది. తలెత్తకుండానే మాట్లాడింది.

"మధ్యలో మూడు కొలుములుండేవి కదా. వాటిని తీసేశారు."

టైలరమ్మకు గుర్తు రావడానికి కొంచెం సమయం పట్టింది. అవును, ఉండేవి. బెల్టు కూడా తగిలించని, చేత్తో బొగ్గు వెయ్యాల్సిన పాత కొలుములు. ఒకటి ఇటు, ఒకటి అటు, పళ్ళు పెరికినట్టు అడ్డదిడ్డంగా. అవి ఆవిడే కట్టినవి. ఆట వచ్చిన మొదటి పూట, కాలు స్టూలు మీద పెట్టుకుని, ఏమీ తెలియకుండా కట్టింది. తన చేతిపని అంత వంకరగా ఉందని సిగ్గేసి, పాత సామానులో అన్నిటికంటే ముందు వాటినే పీకింది.

"అవి దేనికీ పనికిరావు కదే," అంది.

"పనికని కాదక్కా. అవి కట్టిన రోజు మీరు నాకు ఫోన్ చేశారు. ‘ఇటు రావే, రేకు వచ్చింది, చూద్దువుగాని’ అన్నారు. అన్నేళ్ళు ఒకింట్లో ఉన్నాం. మీరు నన్ను సంతోషంగా అలా పిలవడం అదే మొదటిసారి. వాటిని తియ్యబుద్ధి కాలేదు నాకు. అందుకే బెల్టులన్నీ చుట్టూ తిప్పుకుంటూ వేశాను. మీకు వంకరగా కనిపిస్తున్నాయని తెలుసు."

డాక్టరు లోపలినుంచి పిలవడంతో చిన్నకోడలు వెళ్ళిపోయింది. వెళ్తూ అక్క మోచెయ్యి మీద ఒకసారి చెయ్యి వేసింది. ఇంటికొచ్చేదాకా టైలరమ్మకు ఆ చెయ్యి అక్కడే ఉన్నట్టనిపించింది.

ఇంటికొచ్చి కంప్యూటర్ ముందు కూర్చుంది. ఆట తనంతట తాను దాచుకునే పాత ప్రతులు కొన్ని ఉంటాయి. తాను సర్దడానికి ముందటి ప్రతి ఒక్కటి మిగిలి ఉంది. దాన్ని తెరిస్తే కొలుములు వస్తాయి, వంకర బెల్టులన్నీ వస్తాయి. కానీ రైలు పోతుంది. స్టేషన్ పోతుంది. ఎవరి సాయం లేకుండా తన బుర్రతో తాను నేర్చుకుని వేసిన పట్టాలన్నీ పోతాయి. ఆవిడ రైలుని ఇంకొక్కసారి గని దగ్గరనుంచి స్టేషన్ దాకా పోనిచ్చింది. వెనక నిలబడి చూస్తున్న మొగుడు, రెండూ ఉంచుకునే దారి లేదా అని అడిగాడు. ఉంది, కొలుములు మళ్ళీ కట్టొచ్చు. కానీ ఆ వేళ ఏమీ తెలియని చేతులతో కట్టినట్టు ఇప్పుడు కట్టాలన్నా కుదరదు. ఇప్పుడు కడితే తిన్నగా వస్తాయి. ఆవిడ ఆ సంగతి చెప్పి, పాత ప్రతిని తెరిచింది.

అక్కడితో ఆగితే అది సగం పనే అయ్యేది. పాత ఫ్యాక్టరీ కళ్ళ ముందుకొచ్చింది, కొలుములు మూడూ ఎక్కడివక్కడ ఉన్నాయి. వాటిని చూస్తూండగానే టైలరమ్మ చెయ్యి మౌస్ మీద దురదపెట్టింది. ఆవిడకు తన సంగతి తెలుసు. లోకం ఇక్కడ, ఈ బల్లమీద ఉన్నన్నాళ్ళూ ఏదో ఒక మధ్యాహ్నం ఆ దురద గెలుస్తుంది. ప్రమాణాలు చేసి లాభం లేదు. ఆవిడ ఆ ప్రతిని చిన్నకోడలికి పంపించి, ఫోన్ చేసింది. ఇక నుంచి నువ్వే హోస్టువి, కోడ్ నువ్వు పంపు, నేను వస్తాను అని చెప్పింది.

మా ల్యాప్‌టాప్ అంత బరువు మొయ్యలేదక్కా అంది చిన్నకోడలు. మోసినంత మొయ్యనీ అంది టైలరమ్మ.

గురువారం మధ్యాహ్నం షాపు తలుపు సగం వేసి కూర్చుంది. కోడ్ రాలేదు. ఇంతకాలం కోడ్ పంపడమే తప్ప దాని కోసం కూర్చోవడం ఎలా ఉంటుందో ఆవిడకు తెలియదు. బొత్తాలు రంగుల వారీగా వేరు చేసింది. ఫోన్ చేద్దామనుకుని మానేసింది. కాలు కాలిన పిల్లిలా గదంతా తిరిగింది. అన్ని గురువారాలు ఆ పిల్ల ఇలాగే కూర్చునుంటుంది కదా అనిపించి, తిరగడం ఆపేసింది. అప్పుడు ఫోన్ కుయ్యిమంది.

కోడ్ కొట్టి లోపలికి వెళ్ళింది. ల్యాప్‌టాప్ నిజంగానే మొయ్యలేకపోతోంది. బెల్టులు నాలుగడుగులు వేసి, ఆగి, మళ్ళీ నాలుగడుగులు వేస్తున్నాయి. హెడ్‌ఫోన్‌లో ఫ్యాను హోరు ముందు వినిపించింది, దాని వెనక చిన్నకోడలి గొంతు. రండక్కా అంది. ఇద్దరూ కొలుముల దగ్గర కలుసుకున్నారు. ఇంకా పట్టుమని పది మాటలైనా కాలేదు, అటువైపు కాలింగ్ బెల్ మోగింది. నీళ్ళ మోటారు బాగుచేసే మనిషి వచ్చాడట.

"మీరు ఉండండక్కా. దీన్ని ఆన్‌లోనే ఉంచి వెళ్తున్నాను. మీకు తోచింది చేస్తూ ఉండండి," అని చిన్నకోడలు లేచి వెళ్ళింది.

ఆ మాట ఎంత పెద్దదో టైలరమ్మకు అర్థమైంది. వంటింటి తాళం చేతిలో పెట్టి వెళ్ళినట్టే. చుట్టూ చూసింది. దక్షిణం వైపు రాగి బెల్టు ఒకటి, దగ్గర్లో కొలిమి లేదు, గుట్ట లేదు, ఏ అడ్డూ లేదు, ఊరికే ఖాళీ నేల మీద మూడుసార్లు మెలిక తిరిగింది. దానికి ఏ సాకూ లేదు. టైలరమ్మ వేలు మీట మీదకు పోయింది. బెల్టు ఎర్రగా మెరిసింది. ఇంకొంచెం నొక్కితే ఊడివస్తుంది. ఆవిడ చెయ్యి తీసి, ఒళ్ళో పెట్టుకుని, రెండో చేత్తో దాన్ని పట్టుకుంది. మోటారు మనిషి త్వరగా పని ముగించే రకంలా లేడు. దూరంగా చిన్నకోడలు అతనితో మాట్లాడుతున్నది వినపడుతూనే ఉంది. కూర్చోలేక టైలరమ్మ ఫ్యాక్టరీ అంతా కాలినడకన తిరిగింది. రాగి బెల్టు వెంట, మూడు మెలికలూ తిరుగుతూ, మొదటినుంచి చివరిదాకా నడిచింది. చివర్న యంత్రం చక్కగా తీగ చుట్టుకుంటోంది. దానికేమీ ఇబ్బంది ఉన్నట్టు లేదు.

చిన్నకోడలు తిరిగొచ్చింది. మాట్లాడకుండా ముందు ఒక చుట్టు చుట్టొచ్చింది. బొమ్మ అటు పోయి, ఇటు పోయి, కొలుముల దగ్గర ఆగి, రాగి బెల్టు దగ్గర ఆగింది. ఆ చుట్టు ఎందుకో టైలరమ్మకు తెలుసు. ఏం పోయిందో చూసుకునే నడక అది. తనవల్ల అలవాటైన నడక. మనసు చివుక్కుమన్నా ఆవిడ తిరగనిచ్చింది.

"ఏమీ చెయ్యలేదేంటక్కా?" అంది చిన్నకోడలు చివరికి.

"చూస్తూ తిరిగాను. ఆ రాగి బెల్టుని అలా మూడు మెలికలు ఎందుకు తిప్పావు?"

చిన్నకోడలు చెప్పడం మొదలుపెట్టింది. తిన్నగా వెళ్తే సరుకు మరీ త్వరగా వచ్చేస్తుందట, మెలికల్లో రాగి ముక్కలు ఒకదాని వెనక ఒకటి తిరుగుతూ వస్తుంటే చూడ్డానికి బాగుంటుందట, క్లినిక్‌లో రోజంతా ఏడ్చే ముఖాలు చూసి వచ్చాక అక్కడ కాసేపు నిలబడితే హాయిగా ఉంటుందట. ఒకసారి మొదలయ్యాక ఆ పిల్ల ఆగలేదు. ఈ మలుపు ఇందుకు, ఆ ఖాళీ అందుకు అని ఒక్కొక్కటీ చూపిస్తూ పోయింది. ఆ కారణాల్లో సగం టైలరమ్మకు కారణాల్లాగే అనిపించలేదు. అయినా ఊఁ కొడుతూ వెనకే నడిచింది. వినడం ఇంత తేలికని ఎవరూ చెప్పలేదే అనుకుంది.

"మీకు మరీ చిరాగ్గా ఉంటే ఆ ఒక్కటీ తిన్నగా వేసేద్దాం అక్కా," అంది చిన్నకోడలు.

"ఎందుకూ, నడుస్తోందిగా. ఉండనీ," అంది టైలరమ్మ. "ఇప్పుడు నాకేం పని చెబుతావో చెప్పు."